మూడు వరసల పూసల గుల్ల

మన తీరంలో గవ్వలంటే అందరూ ఇసకలోనే వెతుకుతారు. ఇసకపల్లి ఉప్పుటేరు, కృష్ణపట్నం దగ్గర కండలేరు మడచెట్ల అడుగు, కనుపర్తి ఉప్పు కొఠార్ల కాలవలు: ఇలాంటి బురద చోట్లకి పాటు వేళ, అంటే సముద్రపు నీరు వెనక్కి తగ్గినప్పుడు, వెళ్లి చూడండి. సన్నగా, మొనదేలి, వేలి కణుపంత పొడవుండే నత్తలు బురద మీద గీతలు గీసుకుంటూ పోతుంటాయి. శాస్త్రీయంగా పైరెనెల్లా సింగ్యులేటా. 1791లో జర్మన్ శాస్త్రవేత్త గ్మెలిన్ వర్ణించిన జాతి ఇది. పాత పుస్తకాల్లో సెరిథిడియా సింగ్యులేటా అని ఉంటుంది.

గుల్లని మొన పైకి, నోరు మన వైపు ఉండేలా పట్టుకుంటే నోరు కుడివైపు వస్తుంది. ఒక్కో చుట్టు మీద మూడు వరసల పూసలుంటాయి. అడ్డంగా పోయే గాళ్లు నిలువు గట్లని కోయడం వల్ల ఏర్పడ్డవే ఆ పూసలు. అన్నిటికన్నా కింది పెద్ద చుట్టు అడుగుభాగానికి వచ్చేసరికి పూసలు పోయి ఉత్త గీతలే మిగులుతాయి. నా దృష్టిలో అసలు చూడాల్సింది పెదవి, అంటే గుల్ల నోటి బయటి అంచు. పిల్ల నత్తకి అది పల్చగా, గోటితో నొక్కితే విరిగేట్టు ఉంటుంది. ఎదిగాక బయటికి విచ్చుకుని మందమవుతుంది, ఇక గుల్ల పొడవు పెరగదు. కాబట్టి నత్త వయసుకొచ్చిందో లేదో పొడవుని బట్టి కాక పెదవిని బట్టి చెప్పాలి.

నోటికి అడ్డుగా ఉండే మూత గుండ్రంగా, గోధుమరంగులో, మధ్యనుంచి చాలా చుట్లు తిరిగి ఉంటుంది. అచ్చం ఇలాగే కనిపించే సెరిథియం అనే నత్త జాతుల మూత కోలగా, కొద్ది చుట్లతోనే ఉంటుంది. అనుమానం వస్తే మూత చూస్తే తేలిపోతుంది. అదే బురదలో ఉండే టెలిస్కోపియం అనే నత్త చాలా పెద్దది, నల్లటిది, దానికి పూసలుండవు.

చాలా గుల్లలకి మొన విరిగినట్టో, తెల్లగా అరిగినట్టో ఉంటుంది. పైపొర గీసుకుపోయిన చోట బురదలోని ఆమ్లం సున్నాన్ని తినేస్తుంది. అందుకే చుట్లు లెక్కపెట్టి జాతి తేల్చాలనుకుంటే లెక్క తప్పుతుంది.

బురద మీద పాకుడు, అందులోని డయాటమ్‌లు (కంటికి ఆనని నాచు జీవులు), కుళ్లిన ఆకుల పొడి దీని తిండి. ఉప్పు ఎక్కువైనా తక్కువైనా తట్టుకుంటుంది. ఎండ ముదిరితే మూత బిగించి బురదలోకి దిగిపోతుంది. రొయ్యల చెరువుల వాళ్లకి ఇదే తలనొప్పి. చెరువు ఎండగట్టినప్పుడు పైన నెర్రెలిచ్చినా అడుగున తడి ఉంటే నత్తలు బతికే ఉంటాయి, నీళ్లు పెట్టగానే లేస్తాయి. పల్లపు గుంటలు కూడా పూర్తిగా ఎండాలి, లేదా పైమట్టి గీకి నత్తలతో సహా బయట పోయాలి. తూముకి ముతక వల కట్టి లాభం లేదు, గుడ్ల నుంచి వచ్చే పిల్లలు మొదట నీళ్లలో ఈదుతాయి, కంటికి ఆనవు.

ఎన్ని ఉన్నాయో తెలియాలంటే ఒక్కో పక్క అర మీటరు ఉండే చదరపు వెదురు చట్రం చాలు. నీటి అంచు నుంచి మొక్కల దాకా పది చోట్ల వేసి లెక్కపెట్టండి, సగటుని నాలుగుతో గుణిస్తే చదరపు మీటరుకి ఎన్నో వస్తుంది. ఒక్కచోటే వేస్తే పనికిరాదు, ఇవి గుంటల్లో గుంపుకడతాయి. ఇంకో పొరపాటు సన్యాసి పీతల్ని నత్తలుగా లెక్కేయడం. గుల్ల గబగబా, కుదుపులతో కదిలితే లోపల పీత ఉన్నట్టే.

ఇంటికి తెచ్చుకోవాలంటే ఖాళీ గుల్లలే తీసుకోండి. బతికున్నదాన్ని తెస్తే మాంసం పైచుట్లలో ఇరుక్కుని, కుళ్లి, ఎంత కడిగినా వాసన పోదు. ఖాళీవాటిని ఓ రోజు మంచినీళ్లలో నానబెట్టి, పాత టూత్‌బ్రష్‌తో పూసల సందుల్లో రుద్ది, నీడన ఆరబెట్టాలి. తెల్లగా రావాలని యాసిడ్, వెనిగర్ వాడకండి. గుల్లంతా సున్నమే కదా, ముందు కరిగేది ఆ పూసలే. దొరికిన చోటు, తేదీ చీటీ మీద రాసి గుల్లతోపాటే డబ్బాలో పెట్టండి.