గోడ దూకిన డాక్టరుగారు

"మీ దేశంలో ఎంపీ అంటే పార్టీ కొనుక్కున్న సామానా?" అని ఇంగ్లండ్ ఆఫీసులో మా టీమ్‌లో పెద్దాయన మొహమ్మీదే అడిగేశాడు. 2019 జనవరిలో అప్పటి బ్రిటన్ ప్రధాని థెరెసా మే తెచ్చిన బ్రెగ్జిట్ (యూరోపియన్ యూనియన్ నుంచి విడిపోయే) ఒప్పందం పార్లమెంటులో 432–202తో ఓడిపోయిన మర్నాడది. సొంత పార్టీవాళ్ళే 118 మంది ప్రధానికి ఎదురు ఓటేసి ఇంకా పార్టీలోనే ఉన్నారేంటి, మా దగ్గరైతే ముందే రిసార్టులో క్యాంపు పెట్టేవాళ్ళు అని నేను నవ్వాను. పెద్దాయనది మే పార్టీయే, కన్జర్వేటివ్ పార్టీ సభ్యుడు. టీ బ్యాగుని చెంచాతో కప్పు అంచుకి నొక్కుతూ, నా వైపు చూడకుండానే ఆ మాట అన్నాడు.

ఆ మాట చాలా రోజులు గుచ్చుకుంది.

ఆఫీసు బ్రాక్‌నెల్‌లో, ఇల్లు పక్కనే వోకింగమ్‌లో. రెండు సీట్లూ అప్పుడు ఆ పార్టీవే. బ్రాక్‌నెల్ ఎంపీ డాక్టర్ ఫిలిప్ లీ బ్రెగ్జిట్ నడిపే తీరు నచ్చక 2018లో మంత్రి పదవి వదిలేశాడు. వోకింగమ్ ఎంపీ జాన్ రెడ్‌వుడ్‌కి యూరప్ పొడే గిట్టదు. 1995లో పార్టీ నాయకత్వం కోసం ప్రధాని జాన్ మేజర్ మీదే పోటీ చేసిన మనిషి. ఆ జనవరి రాత్రి ఇద్దరూ ఒప్పందానికి ఎదురే వేశారు. ఒకాయనకి విడిపోవడమే ఇష్టం లేదు, ఇంకొకాయనకి ఆ విడిపోవడం చాల్లేదు. మన ఊళ్ళో అయితే సాయంత్రానికల్లా ఫ్లెక్సీలు చిరిగేవి.

అసూయ వేసింది, నిజమే. కానీ మనవాళ్ళకి దమ్ము లేక కాదు. 1985లో ఫిరాయింపుల చట్టం వచ్చాక, ఎటు ఓటెయ్యాలో పార్టీ ఇచ్చే ఆదేశాన్ని, అంటే విప్‌ని కాదని ఓటేస్తే సీటుకే ఎసరు. లోపలుండి కాదనే దారి లేదు, ఇక గోడ దూకడమే. దూకినవాడి మీద ఫిర్యాదేమో స్పీకర్ దగ్గర ఏళ్ళ తరబడి నానుతుంది.

2019 సెప్టెంబరు 3న, మే తర్వాత ప్రధాని అయిన బోరిస్ జాన్సన్ సభలో మాట్లాడుతుండగానే లీ లేచి వెళ్ళి ప్రతిపక్షంలోని లిబరల్ డెమోక్రాట్ల పక్కన కూర్చున్నాడు. ప్రభుత్వానికి మెజారిటీ పోయింది. ఆ రాత్రి ప్రభుత్వానికి ఎదురు ఓటేసిన 21 మంది సొంత ఎంపీలని పార్టీ బయటికి పంపింది, చర్చిల్ మనవడు నికొలస్ సోమ్స్‌తో సహా. ఎంపీ పదవి మాత్రం ఎవరిదీ పోలేదు. మా పెద్దాయన ఊగిపోయాడు: "మా ఓట్లతో గెలిచి అటు కూర్చుంటాడా? రాజీనామా చేసి గెలవమను!" అచ్చం టీవీ ముందు మా మావయ్యే.

డిసెంబరు ఎన్నికల్లో లీ మా వోకింగమ్‌కొచ్చి రెడ్‌వుడ్ మీద నిలబడి ఓడిపోయాడు. కామన్వెల్త్ దేశంవాణ్ణి కాబట్టి ఇండియా పాస్‌పోర్టుతోనే నాకూ ఓటుంది. మా టీమ్‌లో పోలండ్ అమ్మాయికి లేదు. వేసేముందు ఇద్దరూ ఏ తీర్మానానికి ఎటు ఓటేశారో నెట్‌లో వెతికి చదివాను. మా ఊరి ఎమ్మెల్యేకి అలా వెతకాలన్నా ఏముంటుంది, విప్ ఎటంటే అటే.