మన తెలుగు సారు చెప్పిన అజరయ్య గారు

మన పూర్వ విద్యార్థుల సమావేశం సావనీరు కమిటీ వారు బడి జ్ఞాపకాలు రాసి పంపమన్నారు. వేపచెట్టు పంచాయతీ గురించీ, గంట తాత గురించీ, వార్షికోత్సవం నాటి ఊడిన గడ్డం గురించీ మిత్రులు ఎలాగూ రాస్తారు కనుక, నేను మన తెలుగు సారు గురించి, ఆయన మనకు చెప్పిన బిషప్ అజరయ్య గారి గురించి రాస్తున్నాను.

పద్యం సగంలో ఆపి అజరయ్య గారి కథలోకి వెళ్లడం సారుకు అలవాటు. తిరునెల్వేలి ప్రాంతంలో 1874లో ఒక పాస్టరు గారి ఇంట పుట్టిన వేదనాయగం శామ్యూల్ అజరయ్య, మద్రాసు క్రిస్టియన్ కళాశాలలో చదివి, జబ్బు పడి డిగ్రీ పరీక్ష రాయలేక, వై.ఎం.సి.ఎ. (క్రైస్తవ యువజన సంఘం) కార్యదర్శిగా దక్షిణ దేశమంతా తిరిగి, 1909లో నిజాం ఏలుబడిలోని మన డోర్నకల్‌కు వచ్చారు. తమిళం మాతృభాష అయిన మనిషి ముప్పై అయిదేళ్ల వయసులో తెలుగు నేర్చుకొని, ఎద్దుల బండి మీద మాల, మాదిగ పల్లెలకు వెళ్లారని చెప్పేటప్పుడు సారు గొంతు మారిపోయేది. లెక్కల్లో తప్పిన వారిని దగ్గర నిలబెట్టుకొని, పట్టా లేని ఆయనకే 1920లో కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయం గౌరవ డాక్టరేటు ఇచ్చిందని చెప్పేవారు. ఆ మాట ఎవరి కోసమో వెనక బెంచీ వారికి గుర్తుండే ఉంటుంది.

1910లో ఎడింబరోలో జరిగిన ప్రపంచ మిషనరీ మహాసభలో తెల్ల మిషనరీల ఎదుట నిలబడి ‘మాకు స్నేహితులను ఇవ్వండి’ అని అడిగిన ఆయనే, 1912 డిసెంబరు 29న కలకత్తాలో అభిషేకం పొంది, ఆంగ్లికన్ (ఇంగ్లండు చర్చి సంప్రదాయపు) సంఘంలో బిషప్ అయిన తొలి భారతీయుడయ్యారు. మతమార్పిడుల విషయంలో గాంధీ గారు ఆయనతో విభేదించిన సంగతిని కూడా సారు దాచలేదు. ఇద్దరి వాదాలూ చెప్పి, తీర్పు మాకే వదిలేశారు. నా దృష్టిలో సారు గొప్పతనమంతా అందులోనే ఉంది.

ఒక శనివారం మమ్మల్ని డోర్నకల్ కతీడ్రల్‌కు, అంటే బిషప్ గారి ప్రధాన చర్చికి, నడిపించుకొని వెళ్లారు. మసీదును తలపించే గుమ్మటాలను, గుడి మండపంలో ఉన్నట్టుండే స్తంభాలను చూపించి, చేతికర్రతో నేల మీద తామరపువ్వు గీసి, దాని మీద సిలువ గీశారు. మన దేశపు మట్టిలోంచి లేచినట్టుండే ఆలయం కావాలని బిషప్ గారు ఏళ్ల తరబడి కట్టించారనీ, 1939 జనవరి 6న ప్రతిష్ఠించారనీ చెప్పారు. బాప్తిస్మము పొందినవారు తమ తల మీద తామే చేయి పెట్టుకొని ‘సువార్త ప్రకటింపకపోతే నాకు శ్రమ’ అని పలికేవారట. సారు తన తల మీద చేయి పెట్టుకొని అది చూపించినప్పుడు మనలో ఎవరూ నవ్వలేదు.

తర్వాతి తరగతుల సంగతి మిగతావారు రాయగలరు. రైల్వే గ్యాంగ్‌మన్ కొడుకునైన నేను మా ఇంట్లో పదో తరగతి దాటిన మొదటివాణ్ణి. నాన్న సుత్తి పట్టిన లైను మీదే నేడు సీనియర్ సెక్షన్ ఇంజనీరుగా పనిచేస్తున్నాను. ఉద్యోగంలో చేరిన నాడు సారు వద్దకు వెళితే, ఆశీర్వదించి, మళ్లీ అజరయ్య గారి దగ్గరికే వచ్చారు. వేర్వేరు క్రైస్తవ సంఘాలన్నీ ఒకటి కావాలని 1919 తరంగంబాడి సమావేశం నుంచి పాటుపడిన ఆయన 1945 జనవరి 1న కన్నుమూశారనీ, దక్షిణ ఇండియా సంఘం 1947 సెప్టెంబరు 27న ఏర్పడిందనీ, ఆ రెండేళ్లు ఆయన బతికి ఉండవలసిందనీ సొంత అన్నను తలచుకున్నట్టు బాధపడ్డారు.

మన పూర్వ విద్యార్థుల సమావేశానికి ముందురోజే డోర్నకల్ చేరుకునే మిత్రులను కతీడ్రల్‌కు నేను తీసుకువెళతాను. సారు చూపిన వరుసలోనే, గుమ్మటాలతో మొదలుపెట్టి చూపిస్తాను.