టగ్గు లేని రేవులు

నార్వే నుంచి వచ్చి నాలుగు నెలలైంది. ఫొటోలు పెట్టలేదేమని అందరూ అడుగుతున్నారు. పెట్టడానికి ఒక చిక్కుంది. నా ఫోనులో కొండలు, జలపాతాలు. నాన్న ఫోనులో తాళ్ళు. తాళ్ళు, వాటిని కట్టే బొల్లార్డులు (గట్టు మీది ఇనుప మొద్దులు), ఓడ పక్కనున్న తలుపు, ఫోర్క్‌లిఫ్టు తోలుతున్న ఒకమ్మాయి, మళ్ళీ తాళ్ళు. ఎవరికి చూపించినా “ఇంతేనా నార్వే?” అంటున్నారు. అందుకే రాస్తున్నా.

నాన్న చెన్నై హార్బరులో ముప్ఫై ఒక్క ఏళ్ళు టగ్గు మీద పనిచేశాడు. మొదట కళాసీ, చివర్లో సరంగు, అంటే టగ్గు నడిపేవాడు. టగ్గంటే తెలియని వాళ్ళకి ఒక్క మాట: పెద్ద ఓడ నడిసముద్రంలో పులి, రేవులోకి వస్తే పిల్లి. ఆ ఇరుకులో తిరగలేదు, ఆగలేదు. దాన్ని ముక్కుతో నెట్టి, తాడుతో లాగి గోడకి చేర్చే పొట్టి పడవ టగ్గు. ఇంజను మాత్రం ఒంటికి మించింది. మాది అసలు తడ దగ్గర పులికాట్ ఒడ్డు. తాత తెరచాప పడవ నడిపేవాడట. నాన్న రాయపురం వచ్చి టగ్గెక్కాడు. నేను కంప్యూటరు ముందు కూర్చున్నాను. మూడు తరాల్లో నీళ్ళకి ఎంత దూరం జరిగామో చూడండి.

రిటైరయ్యాక ఎక్కడికైనా తీసుకెళ్తానంటే సింగపూరు వద్దన్నాడు, దుబాయ్ వద్దన్నాడు. పెద్ద క్రూజు షిప్పు ఫొటో చూపిస్తే “అది తేలే హోటలు, ఓడ కాదు” అన్నాడు. అప్పుడు దొరికింది ఈ నార్వే తీరపు ఓడ. అమ్మ రానంది. “నాకు ఊటీ చలే పడదు, మీరు పోయి రండి” అని పప్పుల పొడి, నిమ్మకాయ ఊరగాయ కట్టిచ్చి నెల్లూరులో పిన్ని దగ్గరికి వెళ్ళిపోయింది.

ఆ ఓడని మన భాషలో చెప్పాలంటే పల్లెవెలుగు బస్సు. బెర్గెన్ నుంచి పైన రష్యా సరిహద్దు దగ్గరున్న కిర్కెనెస్ దాకా 34 రేవుల్లో ఆగుతుంది. పోయి రావడానికి పన్నెండు రోజులు. మేం పోయేటప్పుడు మాత్రమే ఓడ, తిరుగు ప్రయాణం విమానంలో. టూరిస్టులూ ఎక్కుతారు, పక్క ఊళ్ళో పెళ్ళికి పోయే వాళ్ళూ ఎక్కుతారు, సరుకూ ఎక్కుతుంది.

ఈ సర్వీసు 1893లో మొదలైంది. అంతకుముందు ట్రాండ్‌హైమ్ నుంచి హామర్‌ఫెస్ట్‌కి ఉత్తరం చేరాలంటే ఎండాకాలంలో మూడు వారాలు, చలికాలంలో ఐదు నెలలు. తీరమంతా నీళ్ళలో దాగిన రాళ్ళు, పైగా చలికాలం పగలే చీకటి. రాత్రిపూట నడపడానికి ఎవరూ ముందుకు రాలేదు. రిచర్డ్ విత్ అనే కెప్టెన్ ఒప్పుకున్నాడు. ఆయనకున్న ధైర్యమల్లా దిక్సూచి, గడియారం, ఒక నోటుబుక్కు. ఏ దిక్కున, ఎంత వేగంతో, ఎన్ని నిమిషాలు పోతే ఎక్కడ తిరగాలో, ఓడకి దారి చూపే పైలట్‌తో కలిసి ఏళ్ళ తరబడి రాసుకున్నాడు. ‘వెస్టరోలెన్’ అనే ఆవిరి ఓడ జులై 2న ట్రాండ్‌హైమ్‌లో బయల్దేరి 67 గంటల్లో హామర్‌ఫెస్ట్ చేరింది. ఇది చదివి వినిపిస్తే నాన్న “నోటుబుక్కు రాసేవాడే పైలట్టు” అన్నాడు. అప్పటిదాకా టికెట్టు ఖరీదు గురించి సణుగుతున్నవాడు ఆ తర్వాత నోరెత్తలేదు.

జూన్ ఆఖరు. బెర్గెన్‌లో వాన. అక్కడ ఏడాదిలో మూడింట రెండొంతుల రోజులు వానేనట. రాత్రి ఎనిమిదిన్నరకి ఓడ కదిలింది. అందరూ బెర్గెన్ రంగురంగుల చెక్క ఇళ్ళకి చేతులూపుతుంటే నాన్న రెయిలింగు మీద సగం వంగి కిందికి చూస్తున్నాడు.

“టగ్గు ఏదిరా?”

“ఏ టగ్గు నాన్నా?”

“దీన్ని గోడ నుంచి లాగేది.”

లేదు. ఓడ ముక్కు దగ్గర, నీళ్ళ కింద అడ్డంగా గొట్టం ఉంటుంది. అందులో తిరిగే పంకా నీళ్ళని పక్కకి చిమ్ముతుంది, ఓడ దానంతటదే గోడ నుంచి జరుగుతుంది. బౌ త్రస్టర్. నాన్నకి తెలియని వస్తువేం కాదు. కానీ నూట ఇరవై మీటర్ల ఓడ ఏ ఆసరా లేకుండా పక్కకి నడుచుకుంటూ పోవడం చూసి “అంటే మాలాంటోళ్ళకి ఈ ఊళ్ళో కూడు లేదు” అన్నాడు.

తెల్లవారుజామున మెలకువ వస్తే పక్క మంచం ఖాళీ. గుండె జారింది. స్వెట్టరు తగిలించుకుని పైకి పరిగెత్తాను. ఫ్లోరో అనే ఊరు. మూడు కావొస్తోంది, ఆకాశం మన ఐదున్నరలా ఉంది. నాన్న మంకీ క్యాపు, పైన నా జర్కిన్, చేతిలో ఫోను. నన్ను చూసి నోటి మీద వేలు పెట్టాడు, ఏదో పూజ జరుగుతున్నట్టు.

ఓడ మీద నుంచి ఒకతను సన్న తాడు విసిరాడు. చివర పిడికిలంత ముడి. అది గాల్లో సున్నా చుట్టి గట్టు మీద మనిషి కాళ్ళ దగ్గర పడింది. మనిషి ఒక్కడే. అతను దాన్ని గబగబా లాగితే వెనకాలే తొడంత లావు తాడు నీళ్ళలోంచి వచ్చింది. దాని కొస ఉచ్చుని బొల్లార్డుకి తగిలించి, చేతులు దులుపుకుని రెండో దాని దగ్గరికి నడిచాడు. పరిగెత్తలేదు, నడిచాడు. “మొదట స్ప్రింగు వేశాడు చూడు” అన్నాడు నాన్న గుసగుసగా. ముందుకీ వెనక్కీ జారకుండా ఓడ పొడవునా ఏటవాలుగా కట్టే తాడు అది. అది బిగిస్తే ఓడ దాని మీద ఆనుకుని తనే గోడకి ఒరుగుతుంది. ఈలోపు ఓడ పక్కన తలుపు తెరుచుకుంది. ఫోర్క్‌లిఫ్టు మీద ఒకమ్మాయి లోపలికీ బయటికీ తిరిగింది: చేపల డబ్బాలు, నాలుగు టైర్లు, ఒక ఫ్రిజ్. పావుగంట. తాడు విప్పారు, పోయాం. “మొత్తం ఆరుగురు. మా దగ్గరైతే అరవటానికే పదిమంది ఉండేవాళ్ళం” అన్నాడు.

ఆ తర్వాత స్టాడ్ అనే చోట నా పని అయిపోయింది. ఈ ఓడలు పోయే దారి చాలావరకు దీవుల చాటున ఉంటుంది. సముద్రం కోపమంతా ఆ దీవులు బయటే కాచుకుంటాయి. నార్వే అన్న పేరుకే ఉత్తరపు దారి అని అర్థం. స్టాడ్ దగ్గర ఆ చాటు లేదు. కొండ నేరుగా సముద్రంలోకి పొడుచుకొస్తుంది. ఓడల కోసం దాని కిందుగా సొరంగం తవ్వాలన్న మాట ఎన్నేళ్ళుగానో నలుగుతోందట. తవ్వితే మొదటి దండం నేనే పెడతాను. నేను బకెట్టు పట్టుకుని కూర్చుంటే నాన్న ఎదురుగా కూర్చుని రెండు కోడిగుడ్లు తిన్నాడు.

మధ్యాహ్నం గైరాంగర్ ఫియోర్డు. ఫియోర్డంటే కొండల మధ్యకి చొచ్చుకొచ్చిన సముద్రపు పాయ. ఫొటోల్లో చూసిందే, కానీ ఫొటోలో మెడనొప్పి తెలియదు కదా. రెండు పక్కలా గోడల్లా కొండలు, మధ్యలో పదిహేను కిలోమీటర్ల పచ్చటి నీళ్ళు. ఏడు పాయలుగా పడే ‘ఏడుగురు అక్కచెల్లెళ్ళు’ జలపాతం, దానికి ఎదురు కొండ మీద ‘పెళ్ళికొడుకు’ అనే ఇంకో జలపాతం. పైన అంచు మీద వేలాడుతున్నట్టు ఒక పాత పొలం, స్కాగెఫ్లో. పన్ను వసూలుకి మనిషి వస్తున్నాడని తెలిస్తే నిచ్చెన పైకి లాగేసేవారని చెప్పుకుంటారు. మా వీధిలో ఈ సంగతి చెప్పకూడదు.

నాన్న అడిగింది మాత్రం ఇది: “ఇక్కడ లంగరు ఎట్టా వేస్తారు?”

మంచి ప్రశ్నే. ఒడ్డుకి రాయి విసిరేంత దూరంలో కూడా లోతు తగ్గదు. గైరాంగర్‌లో రెండొందల మీటర్ల పైమాటే. వీటిలో పెద్దది సోగ్న ఫియోర్డు, 200 కిలోమీటర్లు దాటి లోపలికి పోతుంది, లోతు 1,308 మీటర్లు. తమాషా ఏమిటంటే అది సముద్రంలో కలిసే ముఖద్వారం దగ్గర లోతు అంతకంటే చాలా తక్కువ. మంచుయుగంలో హిమానీనదం లోయని తోడుకుంటూ కిందికి దిగింది. బరువు ఎక్కువున్న లోపల బాగా తవ్వింది, సముద్రం దగ్గరికొచ్చి పలచబడ్డాక తవ్వలేకపోయింది. అక్కడ గడప మిగిలిపోయింది. ఇదంతా చెబితే నాన్న తల పంకించి, “అయితే లంగరు ఉత్తదే. ఇంజను ఆగితే కొండే గతి” అన్నాడు.

అక్కడికి పోయే దారిలోనే ఓకర్‌నెస్ అనే కొండ. పైన ఒక పగులుంది. ఏడాదికి కొన్ని సెంటీమీటర్లు విచ్చుకుంటోంది. పరికరాలు పెట్టి రాత్రింబవళ్ళు కొలుస్తున్నారు. అది కూలి నీళ్ళలో పడితే సునామీ. గైరాంగర్ ఊరికి పది నిమిషాల వ్యవధే అని లెక్కగట్టారు. ఊరికే భయపడటం కాదు. పక్కనే టాఫియోర్డులో 1934 ఏప్రిల్‌లో కొండచరియ విరిగిపడితే అరవై మీటర్ల పైన అల లేచి 40 మంది పోయారు. మైకులో ఇది చెబుతుంటే నేను తెలుగులో చెప్పాను. నాన్న ఫోను జేబులో పెట్టేశాడు.

2004 డిసెంబరు 26, ఆదివారం పొద్దున నాన్న డ్యూటీలో ఉన్నాడు. ఆ సంగతి ఇంట్లో ఎప్పుడూ పూర్తిగా చెప్పలేదు. ఇక్కడ, ఈ డెక్కు మీద, ఎవరూ అడక్కుండానే మొదలుపెట్టాడు. “అల అని అందరూ అంటారు గానీ హార్బరు లోపల అల లేదు. నీళ్ళు పొంగినాయి, అంతే. పాలు పొంగినట్టు. ఓడలు లేచినాయి. తాళ్ళు ఎంతసేపు ఆగుతాయి? ఒక్కోటి తెగుతుంటే తుపాకీ పేలినట్టే. తెగిన తాడు వెనక్కి కొడితే మనిషి రెండు ముక్కలు. ఓడలు కట్టు తెంపుకుని తిరుగుతా ఉన్నాయి, నీళ్ళు పోతా ఉన్నాయి, మళ్ళీ వస్తా ఉన్నాయి. మేం నెడతానే ఉన్నాం. మీ అమ్మ, నువ్వు కాశిమేడు పక్కన అత్త ఇంట్లో ఉన్నారు. ఫోన్లు లేవు. మధ్యాహ్నం దాకా నెడతానే ఉన్నా.”

అంతే చెప్పాడు. తర్వాత కాఫీ కావాలన్నాడు.

నాలుగో రోజు పొద్దున ఆర్కిటిక్ వలయం దాటాం. అక్కడొక చిన్న దీవి మీద ఇనుప భూగోళం నిలబెట్టారు. దాటినందుకు డెక్కు మీద వేడుక: సముద్రదేవుడి వేషంలో ఒకతను వచ్చి గరిటెతో మంచు ముక్కలు చొక్కా వెనక వేస్తాడు. నాన్న వరసలో ముందు నిలబడ్డాడు. మంచు వీపు మీద పడగానే ఆయన పెట్టిన కేకకి జర్మనీ వాళ్ళు చప్పట్లు కొట్టారు. ఆ కేకలోని తెలుగు మాట ఇక్కడ రాయలేను.

ఆ రాత్రి నుంచి రాత్రి లేదు. నాన్నకి నచ్చని సంగతి అదొక్కటే. “లైట్‌హౌసులు ఉన్నాయి, లైటు లేదు” అని ఫిర్యాదు. నిజమే. ఉత్తరాన ఎండాకాలమంతా చీకటే పడదు, అందుకని దీపాలు ఆర్పేస్తారు. చలికాలంలో వస్తే తెలుపు, ఎరుపు, ఆకుపచ్చ వెలుగులు ముక్కలు ముక్కలుగా కనిపిస్తాయట. తెల్ల వెలుగులో ఉన్నంతసేపూ నీ దారి మంచిది, రంగు మారిందంటే రాయి వైపు పోతున్నావని. “అయితే చలికాలం వద్దాం” అన్నాడు. అమ్మకి చెప్పలేదు.

లోఫోటెన్‌లో స్వోల్వేర్ రేవు దగ్గర చెక్క దండేలు కనిపించాయి, మిద్దెంత ఎత్తున. శీతాకాలంలో కాడ్ చేపలు గుడ్లు పెట్టడానికి ఇక్కడికి వస్తాయి. పట్టి, తలలు కోసి, జంటలుగా తోకలు కట్టి ఫిబ్రవరి నుంచి మే దాకా వేలాడదీస్తారు. మేం పోయేసరికి దింపేశారు, ఒక మూల కొన్ని తలలు మిగిలాయి. ఆ తలలు నైజీరియా పోతాయట, పులుసులోకి. “ఉప్పెంత వేస్తారు?” అని నాన్న అడిగించాడు. దుకాణంలో అతను అసలు వెయ్యమన్నాడు. నాన్న నమ్మలేదు. “మన ఎండకి ఉప్పు తగలకపోతే సాయంత్రానికి పురుగు పడుద్ది.” కిటుకంతా వాతావరణంలో ఉంది. ఇంత ఉత్తరాన గడ్డకట్టుకుపోవాలి, కానీ తీరం వెంట వేడి ప్రవాహం వస్తుంది కాబట్టి ఆ నెలల్లో చలి సున్నాకి అటూ ఇటూ ఊగుతుంది. చేప గడ్డకట్టదు, కుళ్ళదు, ఈగలు ఇంకా పుట్టవు. కొంచెం నమిలి చూశాం. అట్టముక్కని ఎండుచేపతో రుద్దినట్టుంది నాకు. నాన్న జేబులో వేసుకున్నాడు.

అర్ధరాత్రికి ట్రోల్ ఫియోర్డు. మూతి వంద మీటర్లు, పొడవు రెండు కిలోమీటర్లు. ఓడ లోపలికి దూరింది. రెండు పక్కలా రాతి మీది నాచు కూడా కనిపిస్తోంది. చివరికి పోయి ఆగింది. అక్కడ కాస్త వెడల్పు. ఉన్నచోటే బొంగరంలా తిరగడం మొదలుపెట్టింది. ముక్కు కొండ ముందు నుంచి మెల్లగా జరుగుతుంటే ఎవరూ మాట్లాడలేదు. నాన్న వాచీ చూసుకుంటున్నాడు. కుడి చెయ్యి గాల్లో లేచి, ఏదో లివరు పట్టుకున్నట్టు కొంచెం ముందుకి, కొంచెం వెనక్కి కదులుతోంది. ఆయనకి తెలియదు. నేను ఫొటో తియ్యలేదు, తీసుండాల్సింది.

తర్వాతి ఊళ్ళ గురించి పెద్దగా చెప్పను. ట్రోమ్సోలో షూ కొన్నాం. హోనింగ్స్‌వోగ్‌లో అందరూ బస్సెక్కి నార్త్ కేప్ చూడటానికి పోయారు. “కొండ చివర నిలబడితే కింద సముద్రం కనపడుద్ది, అంతే కదా? ఇప్పుడు కనపడేది ఏంది?” అని నాన్న రానన్నాడు. కిర్కెనెస్‌లో దిగేటప్పుడు డెక్కు మీద తాళ్ళు చూసే కుర్రాడికి చెయ్యిచ్చి “గుడ్ రోప్” అన్నాడు. అతను అర్థం చేసుకున్నాడనే అనుకుంటున్నా.

పోయిన ఆదివారం రాయపురంలో టీ కొట్టు దగ్గర నాన్న పాత బ్యాచ్ అంతా కూడింది. టీ గ్లాసు ఓడ. అటూ ఇటూ రెండు వెన్న బిస్కట్లు కొండలు. గ్లాసుని బిస్కట్ల మధ్యకి తోసి, ఉన్నచోటే తిప్పి, చుక్క ఒలకకుండా బయటికి తెచ్చాడు.

“టగ్గు ఎక్కడ పెట్టారు?” అన్నాడు ఆయన కింద పనిచేసిన కళాసీ.

“టగ్గు లేదు.”

“ఊరుకో అన్నా,” అని అతను కొండని తీసుకుని టీలో ముంచాడు.