టీసీ కోసం హైకోర్టు దాకా: నా అనుభవం

ఇంజనీరింగ్ ప్రవేశ పరీక్ష ఎప్‌సెట్‌లో ర్యాంకు చూశాక కన్వీనర్ కోటాలో కోరుకున్న బ్రాంచి వస్తుందన్న నమ్మకం లేక, మా అమ్మాయిని ముందే ఒక ప్రైవేటు కాలేజీలో బీ కేటగిరీ (మేనేజ్‌మెంట్ కోటా) సీటులో చేర్చాం. ఫీజుతో పాటు టీసీ, మెమోలు అన్నీ ఒరిజినల్సే తీసుకున్నారు. క్లాసులు మొదలవకముందే, చివరి విడత కౌన్సెలింగ్‌లో మరో కాలేజీలో కన్వీనర్ సీటు వచ్చింది. బీ కేటగిరీకి ఫీజు రీయింబర్స్‌మెంట్ ఉండదు, దీనికి ఉంటుంది. ఇక ఆలోచించేదేముంది?

పాత కాలేజీకి వెళ్తే, మిగతా మూడేళ్ల ఫీజు కూడా కట్టి సర్టిఫికెట్లు తీసుకెళ్లమన్నారు. అంతా నోటిమాటే. అదే ముక్క కాగితం మీద రాసివ్వమంటే ఎవరూ పెన్ను తియ్యరు. కొత్త కాలేజీలో రిపోర్టు చేసే గడువు చూస్తే దగ్గరపడుతోంది.

ఇక లాభం లేదని వకీలు దగ్గరికి వెళ్లాం. వకీలు సార్ కథంతా వినకుండానే అడిగిన మొదటి ప్రశ్న, "రాతపూర్వకంగా అడిగారా?" అడిగినా ఇవ్వలేదని కాగితాల్లో కనిపిస్తేనే రిట్ (మామూలుగా ప్రభుత్వ సంస్థల మీద హైకోర్టులో వేసే పిటిషన్) నిలబడుతుందట. ఆ రోజే లెటర్ రాయించారు. అందులో ఆవేశం ఒక్క ముక్క లేదు. అడ్మిషన్ రద్దు చేసుకుంటున్నామని, ఫలానా తేదీన సీటు అలాట్ అయిందని, ఒరిజినల్స్ తిరిగివ్వాలని, అంతే. కింద, సాంకేతిక విద్యను నియంత్రించే ఏఐసీటీఈ నిబంధనలు: కోర్సు మొదలవకముందు మానుకుంటే ప్రాసెసింగ్ కింద 1,000 రూపాయలకు మించి కోయకూడదు, మానేసిన విద్యార్థిని మిగతా సంవత్సరాల ఫీజు అడగకూడదు, సర్టిఫికెట్లు ఆపకూడదు. కాలేజీ కౌంటర్లో లెటర్ తీసుకున్నట్టు స్టాంపు వెయ్యమంటే వెయ్యలేదు. రిజిస్టర్డ్ పోస్టులో పంపాం, ఈమెయిల్ కూడా చేశాం. కాలేజీ రబ్బరు స్టాంపుతో ఆ అక్నాలెడ్జ్‌మెంట్ కార్డు తిరిగొచ్చిన రోజు వకీలు సార్ మొహంలో మొదటిసారి నవ్వు చూశాను.

అమ్మాయికి పద్దెనిమిది నిండలేదు కాబట్టి, గార్డియన్‌గా అఫిడవిట్ మీద నేనే సంతకం పెట్టాను. కాలేజీతో పాటు ఉన్నత విద్యాశాఖను, యూనివర్సిటీని, ఏఐసీటీఈని కూడా ప్రతివాదులుగా చేర్చారు. ప్రైవేటు కాలేజీ మీద రిట్ ఏంటని అవతలివాళ్లు అడ్డుపడితే, నిబంధనలు అమలు చేయించాల్సినవాళ్లు వీళ్లేనని చూపించడానికట.

గడువు ముంచుకొస్తోందని లంచ్ మోషన్ వేశారు. అంటే పొద్దున జడ్జిగారి అనుమతి తీసుకుని, అవతలి లాయర్లకు కాగితాలు ఇచ్చేస్తే, మధ్యాహ్నం విరామం తర్వాత వింటారు. మూసీ ఒడ్డున ఆ పాత భవనం వరండాల్లో తిరుగుతూ నేను పడ్డ టెన్షన్ పగవాడికి కూడా వద్దు. తీరా వాదన మొదలైతే, నేను కళ్లద్దాలు తుడుచుకునేలోపే సగం అయిపోయింది! సీటు ఖాళీ అయితే తమకు నష్టమని కాలేజీ లాయరు అన్నారు. జడ్జిగారు అలాట్‌మెంట్ ఆర్డరు, అక్నాలెడ్జ్‌మెంట్ కార్డు తిరగేశారు. నష్టం ఉంటే దాని దారి వేరు, ఆ పేరుతో పిల్ల సర్టిఫికెట్లు ఎలా పట్టుకుంటారని అడిగారు. వెంటనే తిరిగివ్వాలని మధ్యంతర ఉత్తర్వులు. ఫీజు వాపసు సంగతి తుది విచారణకు.

ఆర్డరు వచ్చినంత మాత్రాన పని అయిపోదు. సర్టిఫైడ్ కాపీ చేతిలో లేనిదే కాలేజీ కదలదు. అందుకే వకీలు సార్ అక్కడికక్కడే 'సీసీ టుడే' అని అడిగి రాయించారు. అలా రాయించుకుంటే కాపీ త్వరగా వస్తుంది.

కాపీ చూపించాక కౌంటర్లో మారు మాట లేదు. అయితే కవరు ఇచ్చి, అన్నీ ముట్టినట్టు సంతకం పెట్టమన్నారు. ముందు విప్పి చూస్తానన్నాను. టెన్త్ మెమో లేదు! ఇంకో బీరువాలోంచి తెచ్చిచ్చాకే సంతకం పెట్టాను. అట్నుంచి అటే కొత్త కాలేజీకి వెళ్లి రిపోర్టు చేశాం.

ఫీజు కోసం ప్రధాన పిటిషన్ ఇంకా నడుస్తోంది. కాలేజీ కౌంటర్ (లిఖితపూర్వక జవాబు) వెయ్యడానికి వాయిదాలు అడుగుతోంది. మా అమ్మాయి మొదటి సెమిస్టర్ పరీక్షలు కూడా రాసేసింది.