స్వర్ణాల చెరువులో పేరులేని రొట్టె

ఒంగోలులో రైలెక్కేటప్పటికి ఇంకా తెల్లవారలేదు. ఒళ్లో అమ్మ స్టీలు డబ్బా. మూత మీద చుక్కలు చుక్కలుగా కొట్టించిన ఆమె పేరులో రెండక్షరాలు తోమి తోమి అరిగిపోయాయి. లోపల గోధుమ రొట్టె, ఒక్కటే. మూడింటికి లేచి కాల్చాను. నెల్లూరు రొట్టెల పండక్కి పోతున్నాను. పోవచ్చో లేదో తేల్చుకోలేక నెల రోజులు నలిగిపోయాను.

ఎందుకో చెప్పాలంటే ముందు నేను రాసుకుంటున్న దేశం గురించి చెప్పాలి. ఆరేళ్లుగా ఒక సీమను ఊహించి రాస్తున్నాను, మూడేరుల సీమ అని. అక్కడి మనుషులు నమ్మే తత్వం చేబదులు దర్శనం. ఆ సీమలో దేవుణ్ణి నేరుగా ఏదీ అడగరు. కోరిక పండినవాళ్ల చేతి నుంచి దాన్ని చేబదులు తెచ్చుకోవాలి. పండాక తిరిగి ఇవ్వాలి, కానీ ఇచ్చినవాళ్లకు కాదు, ఆ తర్వాత అడిగినవాళ్లకు. పేరు అడగకూడదు. పత్రం లేదు, వడ్డీ లేదు. బాకీ మనిషికి కాదు, ఏటికి. వాళ్ల భాషలో ‘నాది’ అనే మాటకు ‘ఇప్పటికి నా దగ్గరున్నది’ అనే అర్థం తప్ప ఇంకోటి లేదు.

ఇదంతా గాల్లోంచి రాలేదు. మా వీధిలో గ్లాసుడు పంచదారకూ గిద్దెడు నూనెకూ ఇల్లిల్లూ తిరిగిన గిన్నెల్లోంచి కొంత, నెల్లూరు చెరువులోంచి మిగతాది వచ్చింది. బారాషహీద్ దర్గాలో పన్నెండుమంది వీరుల సమాధులున్నాయి. మొహర్రం నెలలో ఆ పక్కనే స్వర్ణాల చెరువులో, కిందటేడు కోరుకున్నది తీరినవాళ్లు రొట్టె పట్టుకుని నిలబడతారు. కావాల్సినవాళ్లు అడిగి తీసుకుని తింటారు. తీరితే మళ్లీ వాళ్లు రొట్టెతో రావాలి. చదువు రొట్టె, ఉద్యోగ రొట్టె, పెళ్లి రొట్టె, సంతాన రొట్టె, ఇంటి రొట్టె, ఈ మధ్య వీసా రొట్టె కూడా. 2015లో దీన్ని రాష్ట్ర పండగ చేశారు. నా చిన్నతనంలో అదేమీ లేదు, జనం మాత్రం ఇలాగే ఉండేవాళ్లు, బొట్టు పెట్టుకున్నవాళ్లూ బురఖా వేసుకున్నవాళ్లూ ఒకే నీళ్లలో.

అయితే నా దర్శనంలో ఒక ముడి ఉండిపోయింది. కోరిక పండనివాడి సంగతేంటి? నాలుగో అధ్యాయంలో తేల్చిపారేశాను: ‘చెయ్యి ఎండినవాడు గట్టు మీదే నిలబడాలి.’ రాసిన రోజు ఆ వాక్యం చూసుకుని ఎంత మురిసిపోయానో.

కిందటేడు అమ్మను తీసుకొచ్చాను. కీమో మధ్యలో ఉంది, వద్దంటే వినలేదు. మోకాలిలోతు నీళ్లలో నా భుజం పట్టుకుని నిలబడి ఆరోగ్య రొట్టె అడిగి తీసుకుంది, సగం తిని సగం నా నోట్లో పెట్టింది. సంక్రాంతి చూడకుండానే పోయింది. ఆ తర్వాత మూడేరుల సీమలో ఒక్క పేజీ కదల్లేదు. మొహర్రం చాంద్రమానం ప్రకారం వస్తుంది కాబట్టి పండగ ఏటా సుమారు 11 రోజులు ముందుకు జరుగుతుంది. ఏడాదైనా నిండకుండా బాకీ తానే ఎదురొచ్చినట్టుంది.

తీరని కోరికకు రొట్టె ఏం పట్టుకెళ్తాను? కానీ అమ్మకు ఒక పట్టుదల ఉండేది. చేబదులు గిన్నెను ఎప్పుడూ ఖాళీగా తిరిగి ఇచ్చేది కాదు. ఇంట్లో ఏమీ లేకపోతే రెండు రెబ్బల కరివేపాకైనా వేసి పంపేది. చివరికి ఆ గుర్తే నన్ను రైలెక్కించింది.

దర్గామిట్ట దగ్గర ఆటో ఆపేశారు, అక్కడి నుంచి నడక. చెరువులో నీళ్లు కనపడటం లేదు, అన్నీ తలల మీది కొంగులే. “ఉద్యోగ రొట్టె! ఉద్యోగ రొట్టె!” అని ఒక కుర్రాడు గొంతు పోయేలా అరుస్తున్నాడు, వాడికి ఆ ఏడే వచ్చిందట. చుట్టూ పదిమంది చేతులు చాచారు. నేను దిగాను, కానీ పిలవలేకపోయాను. పిలవడానికి నా రొట్టెకు పేరు లేదు.

“ఏం రొట్టె మా అది?”

తల మీద ముసుగు జారకుండా పళ్లతో పట్టుకున్న ఒక పెద్దావిడ. పక్కన పదేళ్ల మనవరాలు. వాళ్లకు కావాల్సింది ఆరోగ్య రొట్టే, కొడుక్కి కిడ్నీ జబ్బు. అబద్ధం చెప్పలేను. “కిందటేడు మా అమ్మకు తీసుకున్నాం. అమ్మ లేదిప్పుడు. ఇది తీరిన రొట్టె కాదు పెద్దమ్మా, ఇంకెవరినైనా అడగండి” అన్నాను.

ఆవిడ నా ముఖంలోకి చూసింది. వెళ్లిపోతుందనుకున్నాను. కొంగు రెండు చేతులా పరిచి పట్టింది.

“వెయ్ మా, తడిసిపోతాంది.”

వేశాను. చేతులు వణికాయి. ఆవిడ ఒక తుంపు మనవరాలికి పెట్టి, ఒకటి తను తిని, మిగిలింది కొడుకు కోసం మూట కట్టుకుంది. నేను డబ్బా మూత పెట్టబోతుంటే ఆపింది. నడుముకు దోపుకున్న పొట్లం విప్పి, దర్గాలో ఫాతెహా ప్రార్థన చదివించిన చక్కెర చిటికెడు అందులో పోసింది.

“వట్టి డబ్బా తీసకపోకూడదు మా.”

తిరుగు రైల్లో కావలి దాటాక నోట్‌బుక్ తీసి నాలుగో అధ్యాయంలో ఆ వాక్యం కొట్టేశాను. ఇప్పుడు మూడేరుల సీమలో చెయ్యి ఎండినవాళ్లు కూడా ఏట్లోకి దిగుతున్నారు. వాళ్లు ఏమని పిలుస్తారో ఇంకా రాయాలి. డబ్బా మాత్రం ఇంకా కడగలేదు.