రోమ్‌లో సొంత బ్యానర్: ఇటలీ స్వతంత్ర నిర్మాత లెక్కలు

మన దగ్గర చిన్న సినిమా నిర్మాతకి అసలు పరీక్ష రిలీజ్ ముందు గురువారం రాత్రి. ఫైనాన్షియర్‌కి అసలూ వడ్డీ కట్టి క్లియరెన్స్ లెటర్ తెచ్చుకుంటేగానీ థియేటర్లకి కేడీఎం, అంటే సినిమా ఫైలు తెరిచే డిజిటల్ తాళంచెవి, పోదు. పొద్దుటి ఆట పడలేదంటే చాలాసార్లు గొడవ అక్కడే. ఇటలీలో స్వతంత్ర నిర్మాతకి ఈ గండం షూటింగ్‌కి ముందే, ఒక్కోసారి రెండు మూడేళ్ల ముందే వస్తుంది. డబ్బు ఎక్కడెక్కణ్నుంచి వస్తుందో చూపించే పట్టిక, అంటే ఫైనాన్స్ ప్లాన్, పూర్తిగా నిండాకే కెమెరా తిరుగుతుంది. నిండకపోతే ఆ ప్రాజెక్టు బీరువాలోకే. అతని కెరీర్ అంతా ఆ ఒక్క పట్టిక నింపడం చుట్టూ తిరుగుతుంది. ఫిలింనగర్‌లో ఈమధ్య కో-ప్రొడక్షన్, అంటే రెండు దేశాల నిర్మాతలు కలిసి తీయడం, అన్న మాట ఎక్కువగా వినిపిస్తోంది గనక, ఆ పట్టిక ఎలా నిండుతుందో, ఎక్కడ చిల్లు పడుతుందో తెలిసి ఉండటం మంచిది.

వాళ్లేమీ మొదట్నుంచీ ఇలా లేరు. 1950లు, 60లలో రోమ్ నిర్మాత మన నిర్మాతకి కవల సోదరుడే. దేశాన్ని ఏరియాలుగా కోసి, మనం నైజాం, సీడెడ్, ఉత్తరాంధ్ర అన్నట్టు ఒక్కో ఏరియా డిస్ట్రిబ్యూటర్ దగ్గర ఎంజీ, అంటే సినిమా ఆడినా ఆడకపోయినా ఇచ్చే కనీస హామీ మొత్తం, మాట్లాడుకునేవాడు. చేతికొచ్చేది నగదు కాదు, ప్రామిసరీ నోట్లు. వాటిని బ్యాంకులో డిస్కౌంట్ చేయించి, అంటే గడువుకి ముందే కొంత కోతతో నగదు చేసుకుని, షూటింగ్ నడిపేవాడు. బాంకా నాజియోనాలె దెల్ లవోరో అనే బ్యాంకులో సినిమా అప్పుల కోసం విడిగా ఒక విభాగమే ఉండేది. నేపుల్స్‌కి చెందిన లాయరు అల్బెర్తో గ్రిమాల్ది ఈ పద్ధతికి స్పెయిన్, పశ్చిమ జర్మనీ భాగస్వాముల్ని కలిపి వెస్టర్న్‌లు, అంటే కౌబాయ్ సినిమాలు, తీశాడు. దర్శకుడు సెర్జియో లియోనె 1965, 1966 సినిమాలు రెండూ ఆయన బ్యానర్‌వే. కార్లో పోంతి, దీనో దె లౌరెంతీస్ కలిసి పెట్టిన కంపెనీ 1950ల్లో పెద్ద పేరు. తర్వాత దీనో సొంతంగా రోమ్ శివార్లలో స్టూడియో కట్టి, అది నిలబడక 1970ల్లో అమెరికా వెళ్లిపోయాడు. స్టూడియో కట్టిన నిర్మాత కథ ఎటు పోతుందో హైదరాబాద్ వాళ్లకి విడమరచి చెప్పక్కర్లేదు.

ఆ పద్ధతిని కూల్చింది టీవీ. 1955లో ఇటలీలో 80 కోట్లకు పైగా టికెట్లు తెగాయి. 1976లో రాజ్యాంగ న్యాయస్థానం తీర్పుతో స్థానిక ప్రైవేటు ఛానళ్లకి దారి తెరుచుకుంది. అవి రోజంతా సినిమాలే వేశాయి. 1980ల మధ్యకి వచ్చేసరికి టికెట్లు 13 కోట్ల లోపుకి పడిపోయాయి. ఏరియా డిస్ట్రిబ్యూటర్ మాయమయ్యాడు, ఎంజీ మాయమైంది. ఇక డబ్బుకి రెండే తలుపులు మిగిలాయి: టీవీ సంస్థలు, ప్రభుత్వం. ఇవాళ్టి స్వతంత్ర నిర్మాత ఆ రెండు తలుపుల మధ్య పుట్టినవాడు. మన నిర్మాతలు శాటిలైట్, ఓటీటీ హక్కుల మీద ఆనుకుని, ఓటీటీ కొనడం తగ్గించగానే చేతులెత్తేయడం చూస్తుంటే, వాళ్ల 1980లే గుర్తొస్తాయి. మనకి రెండో తలుపు దాదాపు లేదన్నదే తేడా.

నిర్మాత అయ్యేదెలా? డబ్బుండి దిగినవాళ్లు అక్కడా ఉన్నారు, ఒకటి రెండు సినిమాలకి ఆగిపోతారు. నిలబడేవాళ్లలో ఎక్కువమంది రెండు దారుల్లో వస్తారు. ఒకటి ప్రొడక్షన్ విభాగం దారి. కాల్‌షీట్లు, రసీదులు చూసే అసిస్టెంట్‌గా చేరి, లొకేషన్లూ పర్మిషన్లూ చూసే ఇన్‌స్పెక్టర్ అయి, తర్వాత ప్రొడక్షన్ మేనేజరై, చివరికి షెడ్యూలూ బడ్జెట్టూ మొత్తం మోసే ఆర్గనైజర్‌గా ఎదగడం. కృష్ణానగర్ నుంచి మేనేజర్లయినవాళ్ల ప్రయాణమే ఇది. రెండోది ఒక దర్శకుణ్ని పట్టుకుని షార్ట్‌ఫిల్మ్‌లు, డాక్యుమెంటరీల నుంచి కలిసి పెరగడం. కార్లో క్రెస్తో-దీనా కంపెనీ తెంపెస్త, దర్శకురాలు అలీచె రోర్వాకెర్‌తో 2011 మొదటి సినిమా నుంచి 2014, 2018, 2023 సినిమాల దాకా అలాగే నడిచింది. 2014 సినిమాకి కాన్‌లో గ్రాండ్ ప్రీ, 2018 దానికి స్క్రీన్‌ప్లే బహుమతి. నాలుగు సినిమాలకి పన్నెండేళ్లు. ఈ వేగం నచ్చనివాళ్లు ఈ వృత్తి జోలికి పోకపోవడమే మేలు. దొమెనికో ప్రొకాచి 1989లో పెట్టిన ఫందాంగో ఇంకో రకం: సినిమా, పంపిణీ, పుస్తక ప్రచురణ అన్నీ ఒకే గొడుగు కింద. పుస్తకాలు చేతిలో ఉంటే కథల హక్కులు కొనడంలో ముందుంటారన్నది దాని లాభం.

చదువుకోవాలంటే రోమ్‌లో 1935లో మొదలైన చెంత్రో స్పెరిమెంతాలెలో నిర్మాణానికి ప్రత్యేక కోర్సుంది. పని మొదలుపెట్టినవాళ్లు ఈవ్ అనే యూరప్ స్థాయి వర్క్‌షాప్‌కి వెళ్తారు. ఏడాదిలో మూడు విడతలు, విడతకో వారం. పాఠాల కన్నా అక్కడ దొరికే ఫ్రెంచ్, బెల్జియన్, జర్మన్ నిర్మాతల పరిచయాలే ఆస్తి. పట్టికలో కొన్ని గడులు అక్కడి స్నేహాలే నింపుతాయి.

ఇక పట్టిక. 20 లక్షల యూరోల సినిమా అనుకోండి, యూరో వంద రూపాయల లెక్కన 20 కోట్లు. కొత్త దర్శకుడి సినిమాకి ఇది అక్కడ మామూలు సైజు. లెక్క కోసం ఇలా వేసుకుందాం. ఫ్రాన్స్ భాగస్వామి 20 శాతం, అంటే 4 లక్షలు. ఇటలీ వాటా 16 లక్షల్లో పన్ను రాయితీకి లెక్కలోకి వచ్చే ఖర్చు 14 లక్షలు, దాని మీద 40 శాతం రాయితీ 5.6 లక్షలు. టీవీ వైపు నుంచి, ఉదాహరణకి ప్రభుత్వ ప్రసార సంస్థ రాయ్‌కి చెందిన రాయ్ చినెమా లాంటి సంస్థ, 5 లక్షలు. సంస్కృతి శాఖ ఎంపిక చేసి ఇచ్చే సాయం 2.5 లక్షలు. షూటింగ్ జరిగే ప్రాంతం ఫిల్మ్ ఫండ్ 1.5 లక్షలు. విదేశీ అమ్మకాల ఏజెంట్ ఎంజీ 80 వేలు. మిగిలిన 60 వేలు నిర్మాత తన ఫీజు వదులుకుని పెట్టేది. మొత్తం 20. గమనించారా, జేబులోంచి తీసిన డబ్బు అంటూ దాదాపు లేదు, వడ్డీకి తెచ్చిందీ లేదు. కానీ ఒక్క గడి ఖాళీ అయితే మిగతావన్నీ వణుకుతాయి, ఎందుకంటే ప్రతివాళ్లూ మిగతావాళ్ల ఉత్తరాలు చూసే సంతకం పెడతారు.

పన్ను రాయితీకి మూలం 2016 నాటి 220వ నంబరు చట్టం. కంపెనీకి ఇటలీలో పన్ను కట్టే హోదా ఉండాలి, ఫీచర్ సినిమాకి కనీస మూలధనం 40 వేల యూరోలు చూపించాలి, సినిమాకి సాంస్కృతిక అర్హత పరీక్షలో కనీస పాయింట్లు రావాలి. స్వతంత్ర నిర్మాత అనిపించుకోవడానికి ఇంకో షరతు: ప్రసార సంస్థల చేతుల్లో కంపెనీ ఉండకూడదు, మూడేళ్లపాటు మామూలుగా తన పనిలో 90 శాతానికి మించి ఒకే ఛానల్‌కి అమ్ముకుని ఉండకూడదు. ముందు తాత్కాలిక దరఖాస్తు, సినిమా పూర్తయ్యాక ఆడిటర్ ధృవీకరించిన ఖర్చులతో తుది దరఖాస్తు. రాయితీ చెక్కు రూపంలో రాదు. కంపెనీ కట్టాల్సిన పన్నులు, సిబ్బంది సామాజిక భద్రత చందాల్లోంచి మినహాయించుకోవాలి. చిన్న కంపెనీకి అంత పన్నే ఉండదు గనక ఆ రాయితీని బ్యాంకుకి బదలాయించి నగదు చేసుకుంటుంది. బ్యాంకు తన కోత తను కోసుకుంటుంది. కొత్త నిర్మాత 5.6 లక్షలనీ 5.6గానే రాసుకుంటాడు. అనుభవజ్ఞుడు బ్యాంకు కోత, ఆలస్యానికి పడే వడ్డీ బడ్జెట్‌లోనే ‘ఫైనాన్స్ ఖర్చులు’ కింద వేసుకుంటాడు.

ఇంకో గీత ఉంది. యూరోపియన్ యూనియన్ నిబంధనల ప్రకారం ప్రభుత్వ సాయం మొత్తం కలిపి మామూలుగా బడ్జెట్‌లో 50 శాతం దాటకూడదు, రెండు సభ్య దేశాల కో-ప్రొడక్షన్ అయితే 60. కష్టమైన సినిమాలకి సడలింపుంది. పై లెక్కలో ఇటలీ ప్రభుత్వ డబ్బు 9.6 లక్షలు, 48 శాతం. ఆ 4 లక్షల ఫ్రెంచి వాటాలో ప్రభుత్వ డబ్బెంతో తెలీకుండా సంతకాలు పెట్టేస్తే చివర్లో ఎవరో ఒకరు వెనక్కి కట్టాల్సి వస్తుంది.

డబ్బు ఎంతన్నది ఒక బాధ, ఎప్పుడన్నది పెద్ద బాధ. ప్రాంతీయ ఫండ్ విడతల్లో ఇస్తుంది, చివరి విడత లెక్కలు అప్పజెప్పాకే. టీవీ సంస్థ కూడా కాపీ అందాకే చివరి వాయిదా వదులుతుంది. షూటింగ్ ఐదారు వారాలు మాత్రం శనివారం వచ్చేసరికి జీతాలు పడాల్సిందే. 2024లో ప్రభుత్వం రాయితీ నియమాలు తిరగరాస్తూ ఆలస్యం చేస్తే, పట్టిక నిండిన ప్రాజెక్టులు కూడా ఆగిపోయాయి, టెక్నీషియన్లు నెలల తరబడి ఖాళీగా కూర్చున్నారు. మరుసటి ఏడాది, అసలు షూటింగే జరగని సినిమాకి రాయితీ మంజూరైన కేసు బయటపడి తనిఖీల మీద దుమారం రేగింది. ఒకే గడి మీద ఇంత బరువు పెట్టడంలోని ప్రమాదం ఇదే. మన వడ్డీ వ్యాపారి నయమా అని అడిగితే, కాదు. కానీ అతను కనీసం గెజిట్ కోసం ఆగడు.

హక్కుల దగ్గర మనవాళ్లు మరీ తడబడతారు. మన 1957 కాపీరైట్ చట్టంలో సినిమాకి కర్త నిర్మాతే. ఇటలీ 1941 చట్టం 44వ అధికరణంలో సహకర్తలు నలుగురు: కథ, స్క్రీన్‌ప్లే, సంగీతం, దర్శకత్వం. నిర్మాతకి వ్యాపార హక్కుల వినియోగం మాత్రమే. కాబట్టి కథ నుంచి సంగీతం దాకా ప్రతి సంతకం ఫైల్లో వరసగా ఉండాలి. మన సినిమాలో మాటల రచయిత వేరు, కథ వేరు, కథా సహకారం వేరు. అడ్వాన్స్ ఇచ్చి రాయించుకున్న తెల్లకాగితం రోమ్ బ్యాంకు లాయరు ముందు నిలవదు. నవల తీసుకుంటే ముందు ఏడాది, ఏడాదిన్నరకి ఆప్షన్, అంటే ఆ గడువులోగా హక్కులు కొనుక్కునే అవకాశం, రాసుకుంటారు. గడువు పొడిగింపు షరతు, దాని ధర ముందే రాయకపోతే, పట్టిక నిండే వేళకి నవల చేజారుతుంది.

దర్శకుడు సహకర్త అయినంత మాత్రాన నిర్మాత కత్తెర పట్టకూడదని కాదు. 1988లో జుసెప్పె తోర్నతోరె సినిమా ‘నువోవో చినెమా పారదీసో’ 155 నిమిషాలతో విడుదలై ఇటలీలో ఆడలేదు. నిర్మాత ఫ్రాంకో క్రిస్తాల్ది పట్టుబట్టి రెండు గంటల పైచిలుకుకి కుదించారు. 1989లో కాన్‌లో జ్యూరీ గ్రాండ్ ప్రీ, ఆపైన ఆస్కార్ వచ్చాయి. ఎడిటింగ్ చివరి మాట ఎవరిదన్నది అగ్రిమెంట్‌లో రాసుకున్నవాళ్లకే ఆ ధైర్యం.

ఇక మన సంగతి. భారత్, ఇటలీల మధ్య కో-ప్రొడక్షన్ ఒప్పందం 2005 నుంచి ఉంది. రెండు వైపులా నిర్మాతలు షూటింగ్‌కి ముందే దరఖాస్తు చేయాలి: అక్కడ సంస్కృతి శాఖ సినిమా విభాగానికి, ఇక్కడ జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ) ద్వారా సమాచార ప్రసార శాఖకి. ఎవరెంత డబ్బు పెడితే ఆ నిష్పత్తిలో నటులూ టెక్నీషియన్లూ ఉండాలి. వెనిస్‌లో డ్యూయెట్ తీసుకుని రావడం దీని కిందికి రాదు. దానికి ఇటలీ లైన్ ప్రొడక్షన్ కంపెనీని పెట్టుకుంటే చాలు, విదేశీ షూటింగులకున్న రాయితీ ఆ కంపెనీ పేరు మీదే వస్తుంది, మన బిల్లులో తగ్గించుకోవాలి. ఆ తగ్గింపు ఎంతో, ఎప్పుడో అగ్రిమెంట్‌లో రాయించుకోండి. హీరో పారితోషికం హైదరాబాద్‌లో ఇస్తే అక్కడి లెక్కలోకి రాదు, ఇటలీలో పెట్టిన ఖర్చుకే రాయితీ.

కో-ప్రొడక్షన్లకి సాయం చేసే యూరప్ ఉమ్మడి నిధి యూరిమాజ్ పేరు చెప్పి ఊరించేవాళ్లు ఉంటారు. బడ్జెట్‌లో 17 శాతం, గరిష్ఠంగా 5 లక్షల యూరోలు ఇస్తారన్నది నిజమే. కానీ సభ్య దేశాల నిర్మాతలు కనీసం ఇద్దరుండాలి, మనం సభ్యులం కాదు. ఇటలీకి తోడు ఫ్రాన్సో, జర్మనీయో దొరికితేనే ఆ తలుపు.

చెడేది ఎక్కువగా లెక్కల దగ్గర. మన సెట్‌లో బత్తా నగదుగా పోతుంది, షీట్ మీద సంతకాలుంటాయి. జూనియర్ ఆర్టిస్టుల డబ్బు ఏజెంటుకి మొత్తంగా ఇస్తాం. ఇటలీ ఆడిటర్‌కి ప్రతి చెల్లింపూ బ్యాంకులో కనిపించాలి, ప్రతి బిల్లూ సినిమా పేరుతో ఉండాలి. అందుకే కో-ప్రొడక్షన్‌కి మొదటి రోజు నుంచే ప్రత్యేక బ్యాంకు ఖాతా, ప్రత్యేక అకౌంటెంట్ కావాలి. బడ్జెట్‌లో పది శాతం అనుకోని ఖర్చులకి వదలకపోతే భాగస్వామి నమ్మడు. డబ్బు తిరిగొచ్చే వరస కూడా ముందే రాయాలి: ఏజెంట్ కమిషన్, అతని ఖర్చులు, ఆ తర్వాత ఎంజీ, తర్వాత ఎవరెవరి పెట్టుబడి ఏ నిష్పత్తిలో. ఏజెంట్ ఖర్చులకి పరిమితి పెట్టకపోతే ఆ వరసలో రెండో మెట్టు దాటి కిందికి ఏమీ దిగదు.

నవంబరులో గోవా ఫిల్మ్ బజార్‌కి ఇటలీ నిర్మాతల్ని కలవడానికి వెళ్లేవాళ్లు ట్రైలర్ లాంటి టీజర్ మోసుకెళ్తుంటారు. వాళ్లు మొదట అడిగేది మీ దేశంలో ఎంత ఖాయమైందని. రెండు పేజీల కథ, యూరోల్లో బడ్జెట్ సారాంశం, హక్కుల పత్రాలు, పట్టిక చాలు. పట్టికలో ప్రతి వరస పక్కన ఖాయం, దరఖాస్తు పెట్టాం, అంచనా అని మూడింట్లో ఒకటి రాయండి. ఖాయం అన్న ప్రతి దానికీ ఉత్తరం జత చేయండి. హీరో మాటిచ్చాడన్నది అంచనా కిందకే వస్తుంది.