అమ్మ ఐదు వేలు, ఆ ఫోను

పదకొండు దాటింది, నిద్ర రావట్లేదు. అమ్మ ఐదు వేల గొడవ ఇంకా తేలలేదు. సోమవారం సత్యనారాయణపురంలో ఏటీఎం గరగరమని నోట్లు లెక్కపెట్టింది, నోట్లు మాత్రం బయటికి రాలేదు. డబ్బు తీసుకున్నట్టు మెసేజ్ మాత్రం టంగుమని వచ్చేసింది.

ఇవాళ మధ్యాహ్నం ఫోన్‌తో నలభై నిమిషాలు. నెట్‌లో నంబరు వెతకనివ్వలేదు నేను, దొంగ కస్టమర్ కేర్లు ఎక్కువయ్యాయి కదా, కార్డు వెనకున్న నంబరుకే చేశాం. రికార్డు చేసిన గొంతు భాష అడిగింది, తెలుగు నొక్కాం. కార్డు మీది 16 అంకెలు కొట్టమంది. అమ్మ కార్డు మీద అంకెల రంగు ఎప్పుడో పోయింది, బాల్కనీలోకి వెళ్లి ఎండకి ఏటవాలుగా పట్టుకుని ఒక్కొక్కటీ కూడబలుక్కుంటూ చదువుతోంది, తొమ్మిదో అంకె దగ్గరికి వచ్చేసరికి సమయం మించిపోయిందంటూ మళ్లీ మొదటికి. ఇలా మూడుసార్లు! చివరికి అమ్మే ఫోన్ లాక్కుని, "అది కాదమ్మా, డబ్బులు రాలేదమ్మా, నేనక్కడే నిలబడి చూశాను" అని చెప్పుకుంటూ పోతోంది. "మీరు ఏ ఎంపికా చేయలేదు, ధన్యవాదాలు." కట్.

"నేను సరిగ్గా చెప్పలేదంటావా?" అంది అమ్మ. ఒళ్లు మండిపోయింది నాకు. డెబ్బై రెండేళ్ల మనిషి చేత ఆ మాట అనిపించాలా?

డబ్బు గురించి బెంగ లేదు. బ్యాంకు ఐదు రోజుల్లో తిరిగి వేయాలి, దాటితే రోజుకి 100 రూపాయలు కట్టాలి, 2019లో రిజర్వ్ బ్యాంకు పెట్టిన రూలు. ఇవాళ్టికి మూడో రోజే.

పాతరోజులే నయం అని రాద్దామనే కూర్చున్నాను. తాతయ్యకి బాగోలేనప్పుడు నాగపూర్‌లో ఉన్న బాబాయికి చెప్పాలని నాన్న పక్కింటి ఫోన్ నుంచి ఎక్స్ఛేంజ్ నంబరు 180కి చేసి ట్రంకాల్, అంటే ఆపరేటర్ కలిపే దూరపు కాల్, బుక్ చేశారు. అన్నిటికన్నా ముందు కలిపే లైట్నింగ్ కాల్ అంటే మామూలు కాల్‌కి ఎనిమిది రెట్ల ఖర్చు. నాన్న కాసేపు మాట్లాడకుండా నిలబడి, "అర్జెంట్ చాలండీ" అన్నారు. తెల్లవార్లూ వాళ్ల వసారాలో కూర్చున్నాం. లైను కలిసింది నాలుగింటికి. ఆ జాగారం గుర్తొచ్చాక నయమని ఎలా రాయను? నలభై నిమిషాలకే నాకింత కోపమొస్తే, నాన్న ఆ రాత్రి ఎలా ఓర్చుకున్నారో. కాకపోతే ఆ ఎక్స్ఛేంజ్ ఆవిడ మధ్యలో రెండుసార్లు తనే ఫోన్ చేసి, "ఇంకా దొరకలేదండీ, చూస్తూనే ఉన్నాను" అని చెప్పింది. నాకు ఇవాళ కావాల్సింది ఆ ఒక్క ముక్కే.

రేపు పదింటికల్లా బ్రాంచికి వెళ్దామనుకున్నాను, అమ్మకింకా చెప్పలేదు. పడుకునే ముందు క్యాలెండర్ కాగితం వెనక ఆ అంకెలన్నీ నాలుగేసి చొప్పున పెద్దపెద్దగా రాసుకుని దిండు కింద పెట్టుకుంది. "రేపు గబగబా చదువుతాలే" అంది.